గేటు రీలు కోసిన మనిషి

పోయిన నెల ఖరగ్‌పూర్ ఖరిదాలో మా ఆఫీసు ప్యూను కూతురి సీమంతానికి వెళ్లాను. పేరంటాళ్లందరూ గాజుల మలారం చుట్టూ మూగితే నేను గోడవైపు తిరిగి కూర్చున్నాను. గాజుల బేరాలు నాకు పట్టవు. ఆ గోడమీద దండ వేసిన ఫొటో ఒకటి ఉంది. తలగుడ్డ చుట్టుకున్న పెద్దాయన నోరు కాస్త తెరిచి, ఎవరో పిలిస్తే తిరిగినట్టు చూస్తున్నాడు. ఆయన చెవి పక్కన ఎవరిదో సగం భుజం, ఒక సైకిలు హేండిలు కొస. స్టూడియోలో కుర్చీ వేసి తీసిన ఫొటోలో పక్కవాడి సైకిలు పడదు. లేచి దాని దగ్గరికి వెళ్లాను.

"ఈ ఫొటో ఎవరిచ్చారమ్మా మీకు?" అని ఇంటావిడని అడిగాను.

"ఆయన మా మావగారండి. బతికున్నన్నాళ్లూ ఫొటో తీయించుకోనేదు. ఆయన పోయాక సినిమా రీల్లోంచి కోసిచ్చినాడండి ఆ రీలాయన. మీ ఆపీసులోనే ఉండీవోడు గదా ముందు. పోనాడంటండి పాపం, మీకు తెల్దేటి?"

తెలియదు. మూడు వారాలైందట. తొమ్మిదేళ్లు ఆయన ఎదురుబల్ల దగ్గర కూర్చున్న నాకు ఆ కబురు గాజుల పేరంటంలో అందింది. పెద్దకర్మ భోజనానికైనా పిలవలేదంటే ఆయన ఇంట్లోవాళ్లకి నా సంగతి తెలిసిపోయిందేమో అనుకుని భయపడ్డాను. తెలిసి ఉండదు. ఆయన ఇంట్లో చెప్పుకునే మనిషి కాడు.

ఆయన పేరు రాయను. ఆ పేరు నేను ఆఖరిసారి టైపు చేసింది ఒక చార్జిషీటు మీద, ఇక్కడ మళ్లీ రాయడానికి నాకు చెయ్యి రావడం లేదు. మేమంతా రీలు మావ అనేవాళ్లం. బెంగాలీలకి ఫిల్మ్‌దా. ఎలా పిలిచినా ఒకేలా పలికేవాడు, "ఆఁ, సెప్పు" అని, తల ఎత్తకుండా.

రైల్వేలో అప్పట్లో సినిమా సెక్షను అని ఒకటుండేది. ఇన్‌స్టిట్యూట్‌లోనో, న్యూ సెటిల్‌మెంట్ మైదానంలోనో తెర కట్టి, పట్టాలు ఎలా దాటాలి, టిక్కెట్టు లేకుండా ఎందుకు ఎక్కకూడదు వగైరా నీతులన్నీ చూపించేవారు. ఊళ్లు తిరిగొచ్చిన రీళ్లు చిరిగో, గీతలు పడో వచ్చేవి. వాటిని సరిచెయ్యడం ఆయన పని. అవిగాక కలకత్తా ఆఫీసునుంచి వచ్చిన పాతముక్కలు, ఎప్పుడెప్పుడో తీసి ఏ సినిమాలోనూ వాడకుండా మిగిల్చినవి, రేకు డబ్బాల్లో గది నిండా ఉండేవి. ఎవరైనా కొత్త సినిమా తీస్తే ఆ పాతముక్కలకోసం ఉత్తరం రాసేవారు. వెతికి పంపడం కూడా ఆయన పనే.

ఎడంచేతికి మాత్రం తెల్ల నూలు తొడుగు వేసుకునేవాడు. కుడిచేతిది ఏమైందని ఎవరూ అడగలేదు. ఆ చేతి రెండువేళ్ల మధ్యనుంచి రీలు పరిగెత్తిస్తూ కళ్లు మూసుకునేవాడు. అంచు చిరిగిన చోట వేళ్లు ఠక్కున ఆగేవి. డబ్బా మూత తీయగానే ముందు వాసన చూసేవాడు, మా అమ్మ పచ్చడిజాడీ మూత తీసి చూసినట్టు. మధ్యాహ్నం ముఢీలో, అంటే మరమరాల్లో, ఆవనూనె, పచ్చిమిరపకాయ కలుపుకుని తిని, మోచేతులదాకా సబ్బుతో కడుక్కుంటేగాని గదిలోకి వచ్చేవాడు కాదు. నేను వేపుడు తెచ్చుకున్న రోజున నా వేళ్లవైపు అనుమానంగా చూసేవాడు. "కడిగినాను మావయ్యా" అనేదాన్ని. "గోళ్లు?" అనేవాడు.

ఆ గదిలో ఆయనకి అన్నిటికన్నా ముద్దు గేటు రీలు. నా చిన్నప్పుడు ఎవరో కలకత్తానుంచి వచ్చి, సాయంత్రం సైరన్ వేశాక కార్ఖానా గేటులోంచి జనం బయటికొస్తుంటే ఎదురుగా బల్లవేసి, దానిమీద కెమెరా పెట్టి తీశారట. అంతే, ఇంకేమీ లేదు. జనం వస్తూనే ఉంటారు. నడిచి కొందరు, సైకిళ్ల మీద కొందరు, కేరేజీలు ఊపుకుంటూ. కెమెరా వింత గనక ప్రతివాడూ దాని ముందుకొచ్చేసరికి తలతిప్పి చూస్తాడు. కొందరు నవ్వుతారు, కొందరు తువ్వాలు సర్దుకుంటారు, ఒకాయన దణ్ణం కూడా పెడతాడు. నీతిబొమ్మల తరవాత ఈ రీలు వేస్తే మైదానమంతా కేకలు. "అడుగో మా బావ!" "ఓలమ్మ, మీ నాన్నేనే, సూడు!" పిల్లలు తెర దగ్గరికి పరిగెత్తి నీడలు పడేలా నిలబడేవారు.

నేను ఆయన్ని మొదటిసారి దగ్గరగా చూసింది మా నాన్న పోయినప్పుడు. జ్వరం తగిలి పదిరోజుల్లో పోయాడు. నాకు పద్దెనిమిదేళ్లు. మా నాన్నకి ఒక్క ఫొటో లేదు. పెద్దకర్మకి పెట్టుకోడానికైనా ముఖం ఉండాలని అమ్మ ఏడ్చింది. ఎవరో చెబితే ఇద్దరం ఆ గది గుమ్మంలో నిలబడ్డాం.

పేరు అడగలేదు, కార్ఖానాలో ఏ షాపులో పని అనీ అడగలేదు.

"నడకెలాగుంటాదమ్మా?" అన్నాడు.

అమ్మ సిగ్గుపడింది. మొగుడి నడక పరాయి మగాడికి ఎలా చెబుతుంది? నేనే చెప్పబోయాను. అమ్మ నన్ను ఆపి, "ఎడంకాలు రవంత ఈడుత్తారండి. తువ్వాలు కుడిబుజం" అంది.

"ఉంటాడమ్మా. ఎతకాలి."

చేత్తో తిప్పి చూసే చిన్న పెట్టె ఒకటుంది, లోపల బల్బు, పైన అరచేయంత అద్దం. దాంట్లో గేటు రీలు ఎక్కించి తిప్పుతూ కూర్చున్నాడు. మధ్యాహ్నం పోయి సాయంత్రమైంది. ఒకచోట చెయ్యి ఆగింది. అమ్మని పిలిచి స్టూలు మీద కూర్చోబెట్టాడు. అద్దంలో మా నాన్న నడిచి వస్తున్నాడు, కాలీడుస్తూ, కేరేజీ ఊపుతూ. మనవైపు చూశాడు. వెళ్లిపోయాడు. రీలు మావ వెనక్కి తిప్పాడు, మళ్లీ రప్పించాడు. అలా ఎన్నిసార్లు తిప్పాడో నాకు లెక్కలేదు. అమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది. ఆమెకి కావలసినన్నిసార్లు మా నాన్న ఇంటికి వచ్చాడు.

"ఏ బొమ్మ కావాలో సెప్పమ్మా" అన్నాడు ఆఖరికి. నాన్న సూటిగా చూసిన చోట అమ్మ వేలు పెట్టింది. కత్తెర తీసి ఆ ఒక్క బొమ్మా కోసి, తెగిన రెండు కొసలూ గీకి, జిగురు రాసి, ఒకదానిమీదొకటి నొక్కాడు. అలా నొక్కడంలో ఇంకో బొమ్మ పోతుంది. "నీకొక బొమ్మ, జిగురుకొక బొమ్మ" అన్నాడు నవ్వుతూ. దాన్ని గోల్‌బజార్ స్టూడియోకి పట్టుకెళితే అక్కడి దాదా పెద్దది చేసిచ్చాడు.

నాకు నోటిదురుసు చిన్నప్పట్నుంచీ ఉంది. "సర్కారువారి రీలు కోస్తే తప్పుకాదా?" అని అడిగాను.

"ఇది కాపీయే గుంటా. నెగిటివ్ కలకత్తాలో ఉన్నాది, బీరువాలో, తాళమేసి. మనకేటి భయం?"

ఆ మాట తరవాత కొన్ని వందలసార్లు విన్నాను. నాన్న ఉద్యోగం కింద నాకు క్లర్కు పని ఇచ్చి, వెతికి వెతికి ఆ గదిలోనే వేశారు. రీళ్లకి కార్డులు రాయడం నా పని. ఆయనకి అంకెలు తప్ప ఇంగ్లీషు రాదు. రీలు వెలుతురుకి పట్టుకుని చెబుతుంటే నేను రెండు కార్డులు రాసేదాన్ని. సాహెబులకి ఇంగ్లీషులో, "గేటునుండి వెలుపలికి వచ్చు కార్మికులు, సామాన్య దృశ్యం" అన్నట్టు పొడిగా. ఆయనకి తెలుగులో, ఆయన చెప్పింది చెప్పినట్టు: "ఫౌండ్రీ బావకి చెప్పు తెగి వంగినచోటు", "దణ్ణం పెట్టినాయన తరవాత ఇద్దరు కిరస్తానీ అన్నదమ్ములు, చిన్నోడు నవ్వుతాడు." ఈ కార్డులు పట్టుకుని ఏ సాహెబూ ఏ ముక్కా కనుక్కోలేడు. ఆయన నిమిషంలో తీసేవాడు.

ఆయన అన్నగారు కూడా ఆ రీల్లో ఉన్నాడు. శ్రీకాకుళం పక్కనుంచి ఈయన్ని చంకనేసుకు వచ్చి, వండిపెట్టి, పనిలో పెట్టిన మనిషి. పోయి చాలా ఏళ్లైంది. సైకిలు నడిపించుకుంటూ వచ్చి, ఆగి, వెనక్కి తిరిగి చెయ్యెత్తి ఎవరినో పిలుస్తాడు.

"నన్నే" అన్నాడు రీలు మావ ఒకసారి. "నాను ఎనకుండిపోనాను. కెమేరా సూసి సిగ్గేసినాది. గేటు సాటున నిలబడిపోనాను."

"మరి మీ అన్నగారి బొమ్మ కోసుకోలేదేం మావయ్యా?"

"బొమ్మ నాకెందుకమ్మా? నాకు కదుల్తానే ఉన్నాడు గదా." శనివారం శనివారం గది ఊడ్పించాక ఆ ముక్క ఒకసారి తిప్పి చూసుకుని, దీపం ఆర్పి ఇంటికి వెళ్లేవాడు.

జనం వస్తూనే ఉండేవారు. అయినవాళ్లు పోయినవాళ్లంతా ఆ గుమ్మంలోనే నిలబడేవారు, తెలుగువాళ్లు, బెంగాలీలు, ఒడియావాళ్లు. ఒకడికి ఒక బొమ్మతో సరిపోయేది కాదు. పెద్దకొడుక్కొకటి, టాటానగర్‌లో ఉన్న చిన్నకొడుక్కొకటి, అల్లుడు అడిగితే ఇంకొకటి. మొదటిది స్టూడియోలో మసకగా వచ్చిందని మళ్లీ వచ్చేవారు. ఆయన ఎవరినీ కాదనలేదు. ప్రతిసారీ అందరికీ కావలసింది ఒకటే, ముఖం మనవైపు తిరిగిన బొమ్మ. నేను ఎదురుగా కూర్చుని చూస్తూనే ఉన్నాను. నాకూ ఏమీ తోచలేదు, నెగిటివ్ బీరువాలో ఉందిగదా.

రోజూ టపా రాగానే, "నాకేటైనా కాయితం వొచ్చినాదా అమ్మా?" అని అడిగేవాడు. ఆయనకి ఎవరు కాగితం రాస్తారు? అయినా అడిగేవాడు. ఏదైనా ఉంటే నేను చదివి తెలుగులో చెప్పాలి. చెబితే నాలుగు ప్రశ్నలు, ఆ నాలిగింటికీ జవాబులు, మళ్లీ మొదటినుంచి. ఒక వానాకాలం రోజున కట్టలో ఆయనకి చెప్పాల్సిన ఉత్తరం ఉంది. మొదటి రెండు వాక్యాలు చదివాను, నిలవ రీళ్ల భద్రత గురించి ఏదో. భోజనం తరవాత చెబుదాంలే అనుకున్నాను. మూల పొట్టి సంతకం చేసి ఫైల్లో గుచ్చాను. "ఏమీ లేదు మావయ్యా" అన్నాను. దానికి ఇంకో పేరు పెట్టుకుని ఓదార్చుకోవడం నాకు చేతకాదు, అది ఉత్త బద్ధకం.

మూడేళ్ల తరవాత కలకత్తానుంచి ఒక సినిమా డైరెక్టరు వచ్చాడు. బెంగాలీ, మంచివాడు, నెమ్మదిగా మాట్లాడేవాడు. రైలు కార్మికుల మీద సినిమా తీస్తున్నాడు. గేటు రీలుతోనే మొదలుపెట్టి గేటు రీలుతోనే ముగిస్తానన్నాడు. రీలు మావ ఆ రోజు ఉతికిన చొక్కా వేసుకొచ్చాడు. తన రీలు కలకత్తాలో, పెద్ద హాల్లో ఆడుతుందని వారంరోజులుగా అందరికీ చెబుతున్నాడు.

గది చీకటి చేసి ఆడించారు. మా ఆఫీసరు, డైరెక్టరు, ఆయన, నేను. జనం గేటులోంచి వచ్చారు. ఒకడు దగ్గరికొచ్చాడు, తల తిప్పబోయాడు, గబుక్కున ఎగిరినట్టై వీపు కనిపించింది. ఇంకొకడు వచ్చాడు. వాడూ అంతే. దణ్ణం పెట్టే ఆయన చేతులెత్తాడు, లేడు. మా నాన్న కాలీడుస్తూ వచ్చి, మాయమై, అవతల తేలాడు. ముక్కలు ముక్కలుగా చూసినన్నాళ్లూ మాకు తెలియలేదు. వరసగా ఆడించి ఎన్నేళ్లయిందో. అన్నగారొక్కడే మొదటినుంచి చివరిదాకా తిన్నగా వచ్చి, చెయ్యెత్తి పిలిచి, వెళ్లాడు.

దీపం వేశాక డైరెక్టరు మావైపు తిరిగాడు. "వీళ్లెవరూ మనవైపు చూడరేం?" అన్నాడు హిందీలో.

"నెగిటివ్‌లో సూత్తారు సాబ్" అన్నాడు రీలు మావ. "కలకత్తాలో ఉన్నాది. బీరువాలో."

నెగిటివ్ లేదన్నాడు డైరెక్టరు. వేడికి గోదాములో రీళ్లన్నీ అంటుకుపోయి ముద్దైపోయాయి. ఉన్నది ఈ ఒక్క కాపీయే, అందుకే నేనింత దూరం వచ్చాను, మీకు ఉత్తరం కూడా రాశారే అన్నాడు.

ఆఫీసరు ఫైలు తెమ్మన్నాడు. తెచ్చాను. ఉత్తరం అప్పుడు పూర్తిగా చదివాను, నిలబడే. ఇకమీదట మీ కాపీనే అసలుగా భావించవలెను, కోయరాదు, ఆడించరాదు. కింద మూల నా పొట్టి సంతకం.

"ఇది ఇతనికి చదివి వినిపించావా?" అన్నాడు ఆఫీసరు.

ఇంట్లో అమ్మ, బడికెళ్లే ఇద్దరు తమ్ముళ్లు, ముగ్గురూ నా ఉద్యోగం మీదే. ఇది నేను ఆ క్షణంలో ఆలోచించలేదు, తరవాత చెప్పుకోడానికి ఆలోచించాను. ఆ క్షణంలో నోరు దానంతటదే తెరుచుకుంది.

"వినిపించానండి" అన్నాను.

రీలు మావ నావైపు చూశాడు. ఒక్కసారే. తరవాత ఆఫీసరు వైపు తిరిగి, "హా సాబ్. బేటీ బోలా థా. హమ్ భూల్ గయా" అన్నాడు. అమ్మాయి చెప్పింది, నేనే మరిచిపోయాను అని.

బయట వరండాలో ఆయన వెనకాల పరిగెత్తాను. "మావయ్యా" అన్నాను.

"ఊరుకో. నాకింకెన్నాళ్లులే సర్వీసు. నువ్వు సిన్నదానివి." కొంచెం దూరం నడిచి ఆగాడు. "మరి ఆ కాయితం నిజంగా ఎప్పుడొచ్చినాది?"

చెప్పాను. వేళ్లు మడుచుకుంటూ ఆ మూడేళ్లలో కోసినవాళ్లని పేర్లతో లెక్కపెట్టడం మొదలుపెట్టాడు. రెండు చేతులూ అయిపోయాయి. మళ్లీ చిటికెనవేలినుంచి మొదలుపెట్టి, మధ్యలో తప్పిపోయి, "ఆళ్లకి నేదని సెప్పీవోడిని గదమ్మా. తెలిస్తే సెప్పీవోడిని" అన్నాడు.

తెలిసి తెలిసి సర్కారు ఆస్తి పాడుచేశాడని చార్జిషీటు. టైపు చేసింది నేనే. ఇంక్రిమెంట్లు ఆపి, పార్సిల్ ఆఫీసుకి వేశారు, మూటలకి చీటీలు అంటించే పనికి. గేటు రీలు డబ్బాని గుడ్డలో కట్టి, లక్కతో సీలువేసి, విచారణ అయ్యేదాకా నా అధీనంలో ఉంచారు. గదికి ఇంకో మనిషి వచ్చాడు, ఆయన రీళ్లపక్కనే బీడీ కాల్చేవాడు. తెలుగు కార్డులు పనికిరావని తీసి పారేశారు.

డైరెక్టరు సినిమా పూర్తిచేశాడు. మా రీలు పనికిరాలేదు గనక ఇంకేదో ఊళ్లో, ఇంకేదో కార్ఖానా గేటులోంచి జనం వస్తున్న పాతముక్క తెచ్చి అతికాడు. ఆయన తప్పేముంది, ముఖాలు కావాలిగదా. ఇన్‌స్టిట్యూట్‌లో ఆ సినిమా ఆడిన రోజున జనం విరగబడ్డారు. పేరుకి ఖరగ్‌పూర్ అనే చెప్పారు తెరమీద. ఎవరెవరో మనుషులు నడిచి వస్తుంటే హాలంతా మెడలు చాచి వెతికింది. నా ముందు వరసలో ముసలమ్మ ఒకావిడ లేచి నిలబడి, "అడుగో, మా పెద్దోడు! అడుగో!" అని అరిచింది. పక్కవాళ్లు కూడా ఔనౌనన్నారు. రీలు మావ గుమ్మం దగ్గర గోడకి ఆనుకుని ఉన్నాడు. ఆయనకి ఆ పెద్దోడి నడక తెలుసు. సినిమా అవకముందే వెళ్లిపోయాడు.

ఆ తరవాత ఆరునెలలకి విచారణ ఫైలు మూశారు. గేటు రీలు పనికిరాని సామాను కింద రాసి అమ్మేయమని ఉత్తర్వు వచ్చింది. పాత ఫిల్ము కొనేవాళ్లు దాన్ని మందులో కడిగి, పైనున్న వెండి తీసుకుంటారు. బొమ్మలు కరిగిపోయి ఉత్త గాజులాంటి పట్టీ మిగులుతుంది. కంట్రాక్టరు మర్నాడు వస్తాడనగా, మధ్యాహ్నం భోజనాలవేళ రీలు మావ వచ్చాడు. ముందు కొళాయి దగ్గర ఆగి, చేతులకంటిన జిగురు పోయేదాకా కడుక్కున్నాడు. గోళ్లు కూడా. గుమ్మంలో నిలబడ్డాడు.

"రేపేనంట గదమ్మా."

"ఔను మావయ్యా."

"ఒక్క బొమ్మ" అన్నాడు. "అన్నది. సెయ్యెత్తినాడు గదా, అది. ఎక్కడుంటాదో నాకు తెలుసు. కళ్లు మూసుకుని తీసేత్తాను."

జేబులోంచి కత్తెర తీసి చూపించాడు. అన్నేళ్లలో ఆయన ఎవరినైనా ఏదైనా అడగడం నేను చూడలేదు. గదిలో మేమిద్దరమే ఉన్నాం. బీడీ మనిషి భోజనానికి వెళ్లాడు. డబ్బా నా కుర్చీ పక్కన బీరువాలో ఉంది, తాళంచెవి నా కొంగున ఉంది.

"సీలు ఉంది మావయ్యా" అన్నాను.

"ఎవులేసినారు సీలు?"

"నేనే."

ఆయన ఆగాడు. నేను ఇంకేదో అంటానని అనుకున్నాడు. సీలు తీసినట్టు కనిపిస్తే విచారణ మళ్లీ మొదలవుతుంది, మొదలైతే ఆ ఉత్తరం మళ్లీ బయటికొస్తుంది, ఈసారి ఆయన మరిచిపోయానని అనకపోవచ్చు. ఇంత దూరం ఆలోచించాను, ఆ మనిషి గురించి.

"కుదరదు మావయ్యా. నా ఉద్యోగానికి ముప్పు" అన్నాను.

"ఠీక్ హై" అన్నాడు. కత్తెర జేబులో పెట్టుకున్నాడు. "అమ్మకి కళ్లెలాగున్నాయి? ఆపరేషను సేయించేయ్, ఆలస్యం సేయకు" అని, చెప్పులు వేసుకుని, ఎండలో పార్సిల్ ఆఫీసువైపు వెళ్లాడు.

లక్క కడ్డీ, ఇత్తడి ముద్ర, అగ్గిపెట్టె నా సొరుగులోనే ఉన్నాయి. సీలు పగలగొట్టి మళ్లీ వేయడానికి పావుగంట పట్టేది. భోజనం గంట అవడానికి ఇంకా అరగంట ఉంది. ఆ అరగంటా బీరువా పక్కనే కూర్చున్నాను. మర్నాడు కంట్రాక్టరు వచ్చి డబ్బా తూకం వేయించాడు. సీలు చెక్కుచెదరలేదని కాగితం మీద రాసి సంతకం అడిగాడు. పూర్తి పేరుతో పెట్టాను.